నాన్నకు ఆక్సిజన్ పెడితే అలవాటు పడిపోతుందా?

ఒంగోలు నుంచి మార్కాపురం వెళ్లే దారిలోని ఒక ఊరి నుంచి 29 ఏళ్ల యువకుడు నాలుగు పేజీల ఉత్తరం రాశారు. పేరు, ఊరు బయటపెట్టవద్దని కోరారు. వాళ్ల నాన్నగారికి 58 ఏళ్లు. 22 ఏళ్ల పాటు పలకల షెడ్లలో రాయి కోసి, చెక్కి, అరగదీసే పని చేశారు. ఆయాసం వల్ల అది మానుకొని ఆరేళ్లుగా ఒక గోదాముకు కాపలా ఉంటున్నారు. పదేళ్ల కిందట దగ్గు, జ్వరం వస్తే కళ్లె పరీక్షలో టీబీ అని తేలింది. ఆరు నెలలు మందులు వాడితే తగ్గింది. నాలుగేళ్ల కిందట మళ్లీ ఆయాసం మొదలైనప్పుడు ఒక వైద్యుడు ఎక్స్‌రే మాత్రం చూసి, కళ్లె పరీక్ష చేయించకుండానే, రెండోసారి టీబీ మందులు రాశారు. అవి మింగినన్నాళ్లూ ఆయాసం పెరిగిందే తప్ప తగ్గలేదు. ఈ మధ్య ఒంగోలులో సీటీ స్కాన్ తీసి, ఇది రాతి దుమ్ము వల్ల వచ్చిన సిలికోసిస్ అని, ఇంట్లో ఆక్సిజన్ మిషన్ పెట్టుకోవాలని చెప్పారు. రక్తంలో ఆక్సిజన్ నూటికి ఎంత ఉందో చూపేందుకు వేలికి తగిలించే మీటరులో కూర్చున్నప్పుడు 87, వీధి చివరి దాకా నడిచి వస్తే 79 చూపిస్తోందట. చెన్నకేశవస్వామి తిరునాళ్లకు ఏటా నడిచి వెళ్లే మనిషి ఇప్పుడు స్నానాల గది దాకా వెళ్లి వచ్చి మంచం పట్టుకొని నిలబడుతున్నారని రాశారు.

అమ్మగారు మిషన్‌కు ససేమిరా ఒప్పుకోవడం లేదు. కోవిడ్ రోజుల్లో పక్కింటి పెద్దాయనకు ఆక్సిజన్ పెట్టిన మూడో నాడే ఆయన పోయారు. ఒకసారి పెడితే ఇక తీయలేరు, ఊపిరితిత్తులు సోమరివైపోతాయి అన్నది ఆమె భయం. దానికి తోడు చెల్లెలికి సంబంధాలు చూస్తున్నారు. ముందు గదిలో ఆ మిషన్ కనబడితే 'టీబీ ఇల్లు' అన్న పేరు పడుతుందని బెంగ. నాన్నగారు రోజుకు నాలుగైదు బీడీలు చాటుగా కాలుస్తూనే ఉన్నారు. ఇక ఉత్తరం రాసిన కుర్రవాడు ఆరేళ్లుగా చీమకుర్తి వైపు ఒక గ్రానైట్ ఫ్యాక్టరీలో చేతి గ్రైండరుతో పలకల అంచులు అరగదీస్తున్నారు. బెంగళూరులో వంటింటి ప్లాట్‌ఫారాలకు క్వార్ట్జ్ పలకలు కోసి బిగించే మేస్త్రీ ఒకాయన ఇప్పుడున్న జీతానికి రెట్టింపు ఇస్తానని పిలుస్తున్నాడు. 'మిషన్ ఖర్చు, పెళ్లి ఖర్చు కళ్ల ముందున్నాయి, పోనా, ఉండనా? నాన్న ఊపిరితిత్తులు మళ్లీ బాగుపడతాయా? నేను రోజూ సాయంత్రం బెల్లం తింటున్నాను, నాకేమీ కాదు కదా?' అని అడిగారు.

మీ ఉత్తరంలో మూడు ప్రశ్నలు ఒకదానికొకటి చిక్కుపడి ఉన్నాయి. నాన్నగారి జబ్బు ఒకటి, అమ్మగారి భయం రెండోది, మీ ఉద్యోగం మూడోది. మీరు మొదటిదాని కోసం మూడోదాన్ని పణంగా పెట్టబోతున్నారు. ఆ బేరంలో నష్టం ఎంతో మీకు ఎవరూ చెప్పినట్టు లేరు. అందుకని ముందుగా ఊపిరితిత్తి లోపల ఏం జరుగుతుందో కాస్త వివరంగా రాస్తాను, ఓపిగ్గా చదవండి.

పీల్చిన గాలి గొంతు దాటిన తరువాత సుమారు 23 సార్లు రెండేసి పాయలుగా చీలే గొట్టాల గుండా ప్రయాణించి, చివరికి వాయుగోణులు అనే అతి చిన్న గదుల్లోకి చేరుతుంది. పాఠశాల పుస్తకంలో చదివిన పేరే కాబట్టి మీకు గుర్తుండవచ్చు. ఒక్కొక్క గది అడ్డకొలత మిల్లీమీటరులో ఐదో వంతు మాత్రమే; రెండు ఊపిరితిత్తుల్లో కలిపి అలాంటివి 30 కోట్ల నుంచి 50 కోట్ల దాకా ఉంటాయి. వాటి గోడలన్నీ విప్పి పరిస్తే సుమారు 70 చదరపు మీటర్లు, అంటే 80 గజాల పైన వస్తుంది. నెల్లూరు లెక్కలో పది అంకణాల స్థలం. ఆ గోడకు ఇవతల గాలి, అవతల సన్నని రక్తనాళం. మధ్యలో ఉండే పొర మామూలు కాగితం మందంలో నూరో వంతు కూడా ఉండదు. ఆ పొర గుండా ఆక్సిజన్ రక్తంలోకి, బొగ్గుపులుసు వాయువు గాలిలోకి దాటుతాయి. మనం ఊపిరి అనుకునేదంతా నిజానికి అక్కడ జరిగే మార్పిడే. ఛాతీ ఎగసిపడటం, ముక్కు, గొంతు, గొట్టాలు అన్నీ గాలిని అక్కడిదాకా చేర్చే ఏర్పాట్లు.

కూర్చున్నప్పుడు 87, నడిస్తే 79 ఎందుకవుతుందన్న మీ సందేహానికి జవాబు కూడా అక్కడే ఉంది. విశ్రాంతిగా ఉన్నప్పుడు ఒక ఎర్ర రక్తకణం వాయుగోణి గోడ పక్కన సుమారు ముప్పావు సెకను గడుపుతుంది. ఆరోగ్యవంతుడికి అందులో మూడో వంతు కాలంలోనే ఆక్సిజన్ నిండుతుంది, మిగతా సమయం మిగులుబాటు. నడిచినప్పుడు గుండె వేగంగా కొట్టుకొని రక్తాన్ని తోస్తుంది కాబట్టి రక్తకణానికి దొరికే సమయం తగ్గుతుంది. గోడ పలుచగా ఉన్నవాడికి ఆ తగ్గుదల తెలియదు. మీ నాన్నగారికి ఆ గోడలు కొన్నిచోట్ల మందమెక్కాయి, కొన్నిచోట్ల లేకుండానే పోయాయి. మిగులుబాటంతా కూర్చున్నప్పుడే ఖర్చయిపోతోంది, నడకకు ఇవ్వడానికి ఏమీ ఉండటం లేదు.

ఆ గోడలు ఎలా పాడయ్యాయంటే, షెడ్డులో ఎండ పొడ పడినప్పుడు కంటికి కనబడే దుమ్ము చాలావరకు ముక్కులో, గొట్టాల్లోని జిగురులో చిక్కుకొని, చీమిడిగానో కళ్లెగానో బయటికి వచ్చేస్తుంది. మిల్లీమీటరును వెయ్యి భాగాలు చేస్తే అందులో నాలుగైదు భాగాలకు మించని నలుసులు మాత్రం వాయుగోణుల దాకా వెళ్లగలవు. అవి కంటికి కనబడవు. అక్కడ భక్షక కణాలని కాపలా కణాలుంటాయి. వచ్చిన నలుసును మింగి అరిగించడమో, మోసుకుపోవడమో వాటి పని. మామూలు మట్టినైతే మోసుకుపోతాయి. స్ఫటిక రూపంలో ఉన్న సిలికా, అంటే క్వార్ట్జ్ పొడి, మింగిన కణాన్నే చంపుతుంది. కణం చచ్చి పగిలితే నలుసు మళ్లీ బయటపడుతుంది, ఇంకో కణం వచ్చి దాన్ని మింగి అదీ చస్తుంది. చచ్చే ప్రతి కణమూ విడిచే రసాయనాల వల్ల చుట్టూ వాపు వచ్చి, మచ్చ కడుతుంది. పని మానేసి ఆరేళ్లయినా మీ నాన్నగారి జబ్బు ఎందుకు ముదురుతోందో ఇప్పుడు అర్థమై ఉంటుంది: ఆయన షెడ్డు వదిలారు కానీ నలుసులు ఆయన్ని వదలలేదు.

మచ్చ కట్టిన వాయుగోణులు తిరిగి బాగుపడవు. ఈ మాట మెత్తగా చెప్పే దారి నాకు తెలియదు. ఊపిరితిత్తులను కడిగి దుమ్ము తీయిస్తామనేవారు, మూలికలతో కరిగిస్తామనేవారు మీ దగ్గరికి వస్తారు. మచ్చను కరిగించే మందు ఇప్పటివరకు లేదు. కొందరికి మచ్చ ముదిరే వేగాన్ని తగ్గించే మందులు ఉన్నాయి. అవి మీ నాన్నగారికి పనికివస్తాయో లేదో స్కాన్ చూసిన ఛాతీ వైద్యుడే చెప్పాలి. ఇప్పుడు చేయగలిగినదంతా మిగిలిన వాయుగోణులను కాపాడుకోవడం, వాటితో వీలైనంత సుఖంగా బతకడం.

రెండోసారి వాడిన టీబీ మందుల గురించి మీరు కోపంగా రాశారు. కోపం న్యాయమైనదే. అయితే ఆ వైద్యుడి పొరపాటుకు కారణం ఉంది. సిలికోసిస్ గడ్డలు కూడా టీబీ లాగే ఎక్కువగా ఊపిరితిత్తుల పైభాగంలోనే కనబడతాయి, ఒక్క ఎక్స్‌రే చూసి రెంటినీ విడదీయడం కష్టం. నేను ఒంగోలులోనూ నెల్లూరులోనూ పనిచేసిన కాలంలో పలకల పనివారినే కాక గూడూరు, సైదాపురం వైపు మైకా గనుల్లో పనిచేసి వచ్చినవారినీ చూశాను. చేతిలో మూడు నాలుగు టీబీ చీటీలు ఉండేవి, 'నువ్వేం పని చేసేవాడివి?' అన్న ప్రశ్న మాత్రం ఏ చీటీలోనూ ఉండేది కాదు. దీనికి రెండో వైపు కూడా గుర్తుంచుకోవాలి. సిలికా వల్ల కాపలా కణాలు చచ్చిపోతాయి కాబట్టి, సిలికోసిస్ ఉన్నవారికి నిజమైన టీబీ వచ్చే ముప్పు మామూలువారికంటే ఎన్నో రెట్లు ఎక్కువ. అంటే మీ నాన్నగారికి మొదటిసారి వచ్చింది టీబీయే, రెండోసారి బహుశా కాదు, మూడోసారి రావచ్చు కూడా. జ్వరం, బరువు తగ్గడం, రాత్రి చెమటలు, కళ్లెలో రక్తం, వీటిలో ఏది కనబడినా కళ్లె పరీక్ష చేయించండి. ప్రభుత్వ ఆసుపత్రుల్లో ట్రూనాట్ లేదా సీబీనాట్ పరీక్ష ఉచితం. పరీక్ష లేకుండా మందులు మొదలుపెట్టనివ్వవద్దు. టీబీ లేదని తేలితే, రాకుండా ముందుజాగ్రత్త మందు ఇవ్వవచ్చా అని కూడా అడగండి. జాతీయ టీబీ కార్యక్రమంలో సిలికోసిస్ రోగులకు ఆ అవకాశం ఉంది.

ఇక అమ్మగారి భయం. పక్కింటి పెద్దాయన ఆక్సిజన్ పెట్టినందుకు పోలేదు, పోయేంత జబ్బు చేసింది కాబట్టే ఆక్సిజన్ పెట్టారు. కోవిడ్ ముదిరినప్పుడు వాయుగోణుల్లోకి నీరు దిగి, గాలి ఉండవలసిన చోట గాలికి తావు లేకుండా పోతుంది. మీ నాన్నగారిది రోజుల్లో ముంచుకొచ్చిన జబ్బు కాదు, ఏళ్ల తరబడి పేరుకున్నది. రెండింటికీ ఒకే గొట్టం ముక్కుకు పెడతారు గనుక రెండూ ఒకటే అనిపించడం సహజం. ఆక్సిజన్‌కు సారాకో పొగాకుకో పట్టినట్టు అలవాటు పట్టదు. మనమందరం పుట్టినప్పటి నుంచీ నూటికి 21 పాళ్లు ఆక్సిజన్ ఉన్న గాలినే పీలుస్తున్నాం, మిషన్ ఆ పాలును కాస్త పెంచుతుంది, అంతే. ఊపిరితిత్తులు సోమరివి కావడం కూడా ఉండదు, ఎందుకంటే గాలి లోపలికి లాగే పని ఆయన కండరాలే చేస్తాయి.

పెడితే లాభమేమిటి, పెట్టకపోతే నష్టమేమిటి అన్నది అమ్మగారికి విడివిడిగా చెప్పండి. రక్తంలో ఆక్సిజన్ చాలాకాలం తక్కువగా ఉంటే ఊపిరితిత్తుల్లోని రక్తనాళాలు ముడుచుకుంటాయి, వాటిలోకి రక్తాన్ని తోయలేక గుండె కుడివైపు భాగం అలసిపోతుంది, కాళ్లు వాస్తాయి. విశ్రాంతిలో 88 లేదా అంతకంటే తక్కువ ఉన్నవారికి రోజుకు కనీసం 15 గంటలు ఆక్సిజన్ ఇవ్వాలన్న నియమం, 1980, 1981 సంవత్సరాల్లో అమెరికాలోనూ బ్రిటన్‌లోనూ వెలువడిన రెండు పరిశోధనల మీద నిలబడింది. అలా వాడినవారు ఎక్కువ కాలం బతికారు. నిజం చెప్పాలంటే ఆ పరిశోధనలు ఎక్కువగా పొగతాగడం వల్ల వచ్చే జబ్బు మీద జరిగాయి, రాతి దుమ్ము జబ్బుకు అదే కొలతను వైద్యులు అన్వయిస్తున్నారు. మీ నాన్నగారి 87 ఆ గీతకు దిగువనే ఉంది కాబట్టి ఒంగోలు వైద్యుడి సలహా సబబే. కొనే ముందు, జలుబూ జ్వరమూ లేని రోజున, ధమని నుంచి రక్తం తీసి చేసే పరీక్షతో ఆ అంకెను ఖాయం చేసుకోవడం మంచిది.

మీ ముందు రెండు మూడు దారులున్నాయి. పూర్తిగా వద్దనుకుంటే కొంతకాలం గడుస్తుంది, కానీ ఆయన తిరగగలిగే మేర మంచం చుట్టూ కుంచించుకుపోతుంది. రాత్రిపూట, స్నానం, భోజనం సమయాల్లో మాత్రమే పెడితే ఆయాసం కొంత తగ్గుతుంది, ఎక్కువ కాలం బతికే లాభం మాత్రం అంతగా దక్కదు. అయినా అమ్మగారిని ఒప్పించడానికి అది మంచి మొదటి మెట్టు. చెప్పినట్టు 15 గంటలు పెట్టాలంటే కరెంటు బిల్లు లెక్కలోకి తీసుకోండి: నిమిషానికి ఐదు లీటర్లు ఇచ్చే మిషన్ సుమారు 350 వాట్లు తీసుకుంటుంది, రోజుకు ఐదు యూనిట్ల పైన, నెలకు 150 యూనిట్ల పైమాటే. కరెంటు పోతే మిషన్ ఆగిపోతుంది కాబట్టి మీ ఊళ్లో ఇన్వర్టరో, ఒక చిన్న సిలిండరో దగ్గర ఉండాలి. కొనకుండా ముందు ఒక నెల అద్దెకు తీసుకోండి. ఎంత ధారలో పెట్టాలో వైద్యుడు చెప్పినంతే పెట్టండి. ఆయాసం ఎక్కువైందని ఎవరికి వారు తిప్పేస్తే కొందరికి బొగ్గుపులుసు వాయువు పేరుకొని మగత కమ్ముతుంది.

బీడీ విషయం ఇక్కడే చెప్పాలి, ఎందుకంటే మిషన్ ఉన్న గదిలో బీడీ వెలిగిస్తే ముఖం, పరుపు అంటుకున్న సంఘటనలు వైద్యులందరికీ తెలిసినవే. సిలికా కొన్ని వాయుగోణుల గోడలను మందం చేస్తే, పొగ మిగతావాటి గోడలను తెగగొట్టి పది గదులను ఒక ఖాళీ సంచిగా మారుస్తుంది. ఇంకో సంగతి: పొగలోని కార్బన్ మోనాక్సైడ్ పట్టిన రక్తాన్ని కూడా మీ మీటరు ఆక్సిజన్ పట్టిన రక్తంగానే లెక్కగడుతుంది. బీడీ తాగి వచ్చాక 88 చూపిస్తే అసలు అంకె అంతకంటే తక్కువ. ఆయన్ని తిట్టకండి, 22 ఏళ్లు దుమ్ములో నిలబడిన మనిషికి పని మధ్యలో దొరికిన విరామం ఆ బీడీయే అయి ఉంటుంది. మాన్పించే మందుల గురించి వైద్యుణ్ణి అడగండి.

ఇప్పుడు మీ సంగతి. ముందు బెల్లం గురించి. గొంతు దగ్గర దారి రెండుగా చీలుతుంది, బెల్లం అన్నవాహికలోకి పోతుంది, దుమ్ము గాలిగొట్టంలోకి పోతుంది. ఆ రెండూ మళ్లీ ఎక్కడా కలుసుకోవు. తీపి కోసం తినండి, తప్పులేదు. దుమ్ముకు విరుగుడు అనుకొని మాస్కు తీసేస్తే తప్పు.

మీరు కోసే రాయి ఏదో మీకు తెలియాలి. చీమకుర్తి గెలాక్సీ రాయిని వ్యాపారంలో గ్రానైట్ అంటారు కానీ, భూగర్భ శాస్త్రం దాన్ని గాబ్రో జాతిలో చేరుస్తుంది. అందులో బంగారంలా మెరిసే చుక్కలు బ్రాంజైట్ అనే ఖనిజానివి, విడి క్వార్ట్జ్ చాలా తక్కువ. అసలైన గ్రానైట్‌లో ఐదో వంతు నుంచి మూడో వంతు దాకా క్వార్ట్జ్ ఉండటం మామూలు, మీ ఫ్యాక్టరీకి అలాంటి రాళ్లు కూడా బయటి నుంచి వస్తూ ఉండవచ్చు. బెంగళూరులో వంటింటి ప్లాట్‌ఫారాలకు వాడే క్వార్ట్జ్ పలక గనిలో దొరికే రాయి కాదు. క్వార్ట్జ్ పొడిని జిగురుతో కలిపి అచ్చుపోసి తయారు చేస్తారు. వాటిలో నూటికి 90 పాళ్లు, కొన్నింటిలో అంతకు మించి, క్వార్ట్జే. స్పెయిన్, ఇజ్రాయెల్, ఆస్ట్రేలియా, కాలిఫోర్నియాలలో ఆ పలకలను పొడిగా కోసిన యువకులకు కొద్ది ఏళ్లలోనే సిలికోసిస్ వచ్చింది, కొందరికి ఊపిరితిత్తుల మార్పిడి చేయవలసి వచ్చింది. ఆస్ట్రేలియా 2024 జూలై 1 నుంచి ఆ పలకల తయారీని, అమ్మకాన్ని, బిగింపును నిషేధించింది. నాన్నగారి ఆక్సిజన్ కోసమని మీరు వెళ్లబోతున్న పని, ఆయన 22 ఏళ్లలో తెచ్చుకున్నదాన్ని అంతకంటే చాలా తక్కువ కాలంలో తెచ్చిపెట్టగలదు.

అయినా వెళ్లాలనుకుంటే ఆ మేస్త్రీని ఒక్కటి అడగండి: పలక ఎక్కడ కోస్తారు, నీళ్లు పోస్తూనా, పొడిగానా? షెడ్డులో నీటితో కోసి, ఇంట్లో బిగించే పని మాత్రమే అయితే ముప్పు తగ్గుతుంది. అపార్టుమెంటు బాల్కనీలో నిలబడి గ్రైండరుతో పొడిగా కోసే పని అయితే, జీతం మూడింతలైనా నేను మా ఇంటి కుర్రవాణ్ణి పంపను. ఉన్న చోటే ఉంటే జీతం పెరగదు, ముప్పు కూడా పూర్తిగా పోదు. అయితే మీ ఫ్యాక్టరీలోనే చేతి గ్రైండరు వదిలి నీటితో నడిచే కటింగ్, పాలిషింగ్ మిషన్ల వైపు మారవచ్చు; క్రేను, యార్డులో కొలతలు, మార్కింగు పనులకూ మీ ఆరేళ్ల అనుభవం పనికివస్తుంది. తువ్వాలు, గుడ్డ మాస్కు ఆ చిన్న నలుసులను ఆపవు. ఎన్95 ఆపుతుంది, అదీ గడ్డం లేకుండా ముఖానికి అతుక్కొని ఉంటేనే. చీమకుర్తి మే నెల ఎండలో ఎనిమిది గంటలు దాన్ని బిగించుకొని పనిచేయడం ఎంత కష్టమో తెలుసు కనుకనే నీటికి మొదటి స్థానం, మాస్కుకు రెండో స్థానం ఇస్తున్నాను. పని అయ్యాక గాలి పైపుతో బట్టలు దులుపుకోవద్దు. ఏ దారి ఎంచుకున్నా ఈ నెలలోనే ఒక ఎక్స్‌రే, ఒక ఊపిరి పరీక్ష చేయించుకొని దాచిపెట్టండి. తరువాత ఏమైనా తేడా వస్తే పోల్చుకోవడానికి అవే ఆధారం.

చెల్లెలి పెళ్లి గురించి క్లుప్తంగా చెబుతాను. సిలికోసిస్ అంటుకోదు, వంశంలో దిగదు. మిషన్‌ను వెనక గదిలో దాచి సంబంధం కుదుర్చుకోవచ్చు, కానీ పెళ్లయ్యాక తెలిసినప్పుడు ఆ అమ్మాయి ఒక్కతే సంజాయిషీ చెప్పుకోవలసి వస్తుంది. 'మా నాన్న రాళ్ల పని చేశారు, ఆ దుమ్ము పట్టింది' అని మొదటే చెబితే ఒకటి రెండు సంబంధాలు తప్పిపోవచ్చు. నిర్ణయం ఆమెను అడిగి తీసుకోండి. మీ ఉత్తరంలో ఆమె మాట ఒక్కటీ లేదు.

ఒంగోలు ప్రభుత్వ ఆసుపత్రికి వెళ్లేటప్పుడు పదేళ్ల ఎక్స్‌రేలన్నీ తేదీల వారీగా పెట్టుకొని తీసుకెళ్లండి. ఓపీ చీటీ మీద నాన్నగారు ఏ పనిలో ఎన్నేళ్లు చేశారో, జబ్బు పేరు సిలికోసిస్ అని స్పష్టంగా రాయించుకోండి. ఇది చట్టంలో వృత్తివ్యాధుల జాబితాలో ఉంది కాబట్టి పరిహారం అడగడానికి ఆ కాగితమే మొదటి ఆధారం. హాజరుపట్టీలు లేని షెడ్డు పని కనుక తోటి పనివారి వాంగ్మూలాలు కావలసి రావచ్చు, చాలాకాలం పట్టవచ్చు. ఆ డబ్బును లెక్కలో పెట్టుకొని అప్పు చేయవద్దు. ఎన్టీఆర్ వైద్య సేవలో ఏ ఖర్చు వస్తుందో అక్కడి ఆరోగ్యమిత్రను అడగండి. ఫ్లూ, న్యుమోనియా టీకాలు కూడా వేయించండి.

అద్దె మిషన్ వచ్చిన రోజు అమ్మగారిని పక్కన కూర్చోబెట్టుకోండి. ముందు మీటరులో అంకె ఆమె చేతే చదివించండి, గంటసేపు ఆక్సిజన్ పెట్టి మళ్లీ చదివించండి. తరువాత నాన్నగారు కూర్చొని ఉండగానే మిషన్ కట్టేసి పావుగంట ఆగి మూడోసారి చదివించండి. అంకె మొదట ఎంత ఉందో దాదాపు అక్కడికే వచ్చి ఆగుతుంది. అది ఆమె తన కళ్లతో చూడాలి.